పరీక్షాఫలితములు – కాలహరణము

సంస్కృతమున కాలహరణమను మాటకు ఆలస్యము చేయుట యని అర్థము. మాటను విడదీసి చూచినచో కాలమును హరించుట, అనగా ఎత్తుకొని పోవుట. ఒకరి సొమ్మును హరించినవానికి దొంగయని పేరు పెట్టి చట్టము శిక్షించుచున్నది. ఒకరి కాలమును హరించినవానికి ఏ పేరు పెట్టవలెను? హరించినది ఒక మనుష్యుడు గాక ఒక విశ్వవిద్యాలయమైనపుడు ఏమి చేయవలెను? పరీక్ష తప్పిన విద్యార్థి తన పత్రమును మరల దిద్దింపుడని రుసుము చెల్లించి దరఖాస్తు పెట్టుకొనును. ఫలితము ఇన్ని దినములలో వచ్చునని యెవరును చెప్పరు. చెప్పినను ఆ దినమునకు రాదు. అట్టి విద్యార్థి న్యాయస్థానమునకు పోవచ్చునా? పోవుట ధర్మమేనా? మొదటి ప్రశ్నకు న్యాయవాదులు సమాధానము చెప్పగలరు. రెండవది మాత్రము గృహములలో పుట్టి గృహములలోనే తేలవలసినది. కావుననే దీనిని ఈ పత్రికను చదువు కుటుంబముల యెదుట పెట్టుచున్నాము.

మేము నివసించు కొంపల్లి హైదరాబాదునకు ఉత్తరమున నాగపూరు రహదారిమీద నున్నది. ఒకప్పుడు ఈ మేడ్చల్ ప్రాంతము ద్రాక్షతోటలకు పేరు. నేడు కళాశాలలకు పేరు. మైసమ్మగూడ, దూలపల్లి, దుండిగల్, కండ్లకోయ, ఎటు పోయినను ఇంజనీరింగు కళాశాలయే. ఉదయమున రహదారి ప్రక్క నిలిచినచో పసుపుపచ్చని బస్సులు బారులు తీరి పోవుచుండును. పరీక్ష వ్రాయు పిల్లవాడో పిల్లయో లేని యిల్లు మా వీధిలో అరుదు. అందుచేత రీవాల్యుయేషను అను మాట ఇచ్చట ఇంగ్లీషు రాని ముసలమ్మలకు గూడ తెలియును.

మాకు తెలిసిన యొక యింట జరిగినదానిని చెప్పెదము. విశ్వవిద్యాలయము పేరు అనవసరము; ఇట్టివి ఏదో యొక చోట మాత్రమే జరుగునవి కావు. ఆ యింటి పిల్లవాడు కడపటి సెమిస్టరులో ఒక్క విషయమున మూడు మార్కులు తక్కువై తప్పెను. రీవాల్యుయేషనుకు రుసుము కట్టెను. నెల గడచెను, రెండవ నెలయు గడచెను. ఇంతలో సప్లిమెంటరీ పరీక్షకు రుసుము కట్టవలసిన గడువు వచ్చెను. పాతఫలితము తేలలేదు గనుక దానిని గూడ కట్టెను, చదివెను, మరల వ్రాసెను. వ్రాసిన పిదప కొన్ని దినములకు రీవాల్యుయేషను ఫలితము వచ్చినది. చూడగా మొదటి పరీక్షలోనే ఉత్తీర్ణుడు! రెండవమారు కట్టిన రుసుము తిరిగి రాలేదు. అది చిన్నసంగతి. ఉద్యోగ మిత్తుమన్న సంస్థ పట్టా చూపుటకు పెట్టిన గడువు అప్పటికే దాటిపోయినది. ఈ మధ్యకాలమున ఆ పిల్లవాడు కోర్టుకు పోదునా యని రెండు మూడు మారులు అడిగెను. తండ్రి, "ఊకో బిడ్డా, పెద్దోళ్లతోని మనకెందుకు లొల్లి" అనెను. తల్లి మాత్రము, "తప్పు మనదైతే భయపడాలె, వాళ్లదైతే మనకెందుకు భయం?" అని అడిగెనట. ఆ తల్లి ప్రశ్నకు ఆ యింట ఎవరును జవాబు చెప్పలేదు. మేము చెప్ప యత్నింతుము.

మొట్టమొదట రెండు దోషములను వేఱుచేసి చూడవలెను. పత్రమును తప్పుగా దిద్దుట ఒకటి. దిద్దిన ఫలితమును వేళకు చెప్పకపోవుట రెండవది. లోకము రెండింటిని కలగలిపి మాటలాడును గాని వాని స్వభావములు వేఱు. 'పరి' అనగా అన్నివైపుల, 'ఈక్ష' అనగా చూపు. నలువైపుల నుండి చూచుటయే పరీక్ష. అట్టి చూపు మనుష్యమాత్రునకు సంపూర్ణముగా ఎన్నడు కలుగును? మేమును మూల్యాంకన శిబిరములలో కూర్చుండినవారమే. ఉదయము చల్లని వేళ మొదటి కట్టను విప్పిన ఉపాధ్యాయుడును, సాయంకాలమున కడపటి కట్టను ముగించు ఉపాధ్యాయుడును ఒక్కడే యైనను వారి కన్నులు ఒక్కటి కావు. ఒకే వ్యాసమునకు ఇరువురు పండితులు వేర్వేరు మార్కులు వేయుదురు, ఇరువురును నిజాయతీపరులే. గణితమున కొంత నిశ్చయము కలదు గాని అచ్చటను సగము సరియైన లెక్కకు ఎన్ని మార్కులు అనునది చూచువాని చిత్తమును బట్టియే యుండును. ఇట్టి దోషమును అపరాధమని మేము అనము. కూడికలో పొరపాటు, ఒక జవాబును చూడక విడిచిపెట్టుట, ఇవి వేఱు. వీనిని దిద్దుటకే పునఃపరిశీలన యేర్పడినది.

న్యాయస్థానములును ఈ మార్గముననే నడచినవి. మహారాష్ట్ర విద్యామండలి నియమములలో, పత్రములను చూపము, మరల దిద్దింపము అను నిబంధన యుండెను. బొంబాయి హైకోర్టు దానిని కొట్టివేసెను. 1984 జూలైలో సుప్రీంకోర్టు ఆ తీర్పును త్రిప్పివేసి నిబంధనను నిలువబెట్టెను. వేలకొలది విద్యార్థులు ఎవరికి వారు మరల దిద్దింపుడనుచు పోయినచో ఫలితములు ఎన్నటికిని స్థిరపడవు, తరువాతి ప్రవేశములన్నియు నిలిచిపోవును, విద్యావిషయమున పండితుల నిర్ణయమునకే ప్రాధాన్య మీయవలెను అని అందలి భావము. నియమములలో తావున్నచో పునర్మూల్యాంకనము, లేనిచో లేదు. న్యాయమూర్తి తానే పరీక్షాధికారియై పత్రము దిద్దరాదు అని 2017 డిసెంబరులో రణవిజయసింగు వ్యాజ్యమున మరల స్పష్టము చేసిరి. మన తెలుగుదేశపు వ్యాజ్యమే యొకటి 2022 నవంబరులో ఆ న్యాయస్థానము ముందు తేలినది. విజయవాడలోని డాక్టర్ ఎన్.టి.ఆర్. ఆరోగ్యవిజ్ఞాన విశ్వవిద్యాలయమున స్నాతకోత్తర వైద్యపరీక్షలు వ్రాసిన కొందరు, కంప్యూటరు తెరమీద దిద్దిన పద్ధతిని ఆక్షేపించిరి. హైకోర్టు పత్రములను తెప్పించుకొని చూచెను. నియమములలో పునర్మూల్యాంకనమునకు చోటు లేనపుడు అట్లు చేయుట తగదని సుప్రీంకోర్టు విశ్వవిద్యాలయ పక్షముననే తీర్పు చెప్పెను.

తల్లిదండ్రులకు ఇది కఠినముగా తోచవచ్చును. మాకును మొదట అట్లే తోచినది. కాని ఆలోచించిన కొలది సబబుగానే యున్నది, ఒక నిబంధనతో. దిద్దినవాని మాటయే కడపటి మాట యని న్యాయస్థానము ఒప్పుకొనుటకు హేతువేమి? ఫలితములు వేళకు స్థిరపడవలెనని. ఆ ప్రయోజనము కొఱకే విద్యార్థిని, నీ హక్కులో కొంత విడిచిపెట్టుమని అడిగిరి. విద్యార్థి విడిచిపెట్టెను. మరి దానికి మారుగా విశ్వవిద్యాలయము ఈయవలసినదేమి? వేళ. వేళకు తేల్చని సంస్థ తన నిర్ణయమునకు కడపటి మాట యను గౌరవమును కోరుటకు ఏ ముఖమున్నది? మార్కుల విషయమున మమ్ము ప్రశ్నింపరాదు, దినముల విషయమునను ప్రశ్నింపరాదు అని ఒకే నోట పలుకుట చెల్లదు. మొదటి దానిని కోరినవాడు రెండవదానికి జవాబుదారి కావలెను. మార్కుల తప్పు క్షమింపదగినదగుట చేతనే ఆలస్యము క్షమింపరానిది యగుచున్నదని మా యభిప్రాయము. ఆలస్యమునకు చూపుయొక్క బలహీనత కారణము కాదు. ఎన్ని దరఖాస్తులు వచ్చినవో తెలియును, ఎందరు ఉపాధ్యాయులున్నారో తెలియును, తరువాతి పరీక్ష ఎప్పుడో నిర్ణయించువారును తామే. ఇందు తెలియనిది ఏదియు లేదు.

విద్యార్థి విషయమున ఈ సంస్థలు కాలమును ఎట్లు పాటించుచున్నవో చూడుడు. రుసుము ఒక్క దినము ఆలస్యమైనచో అపరాధ రుసుము. మరియొక వారమైనచో అది హెచ్చును. ఆపై హాలుటిక్కెట్టే లేదు. తెలంగాణమున ఇంటర్మీడియెట్ పరీక్షలకు ఒక్క నిమిషము ఆలస్యమైనను లోనికి రానీయరాదను నియమము చాలకాలము నడచినది. బస్సు రాక పరుగెత్తుకొని వచ్చిన పిల్లలు మూసిన గేటు ముందు కూర్చుండి యేడ్చుట ప్రతి మార్చిలో పత్రికలలో చూచుచుంటిమి. 2024లో దానిని అయిదు నిమిషములకు సడలించిరి. మేము క్రమశిక్షణకు విరోధులము కాము, ఉపాధ్యాయుడు కానేరడు. కాని పదునేడేండ్ల పిల్లను నిమిషము లెక్కపెట్టి వెలుపల నిలిపిన చేయి, తాను చేయవలసిన పనిని నెలలు లెక్కపెట్టక విడిచినపుడు, దానిని క్రమశిక్షణ యనవచ్చునా? బలవంతుడు బలహీనునిమీద పెట్టిన బరువు మాత్రమే యది.

2019 సంవత్సరమును ఈ రాష్ట్రమున ఎవరును మరువలేరు. ఇంటర్మీడియెట్ విశ్వవిద్యాలయ పరీక్ష కాదు గాని, ఫలితము తప్పినపుడును ఆలస్యమైనపుడును ఏమగునో అంతకంటె స్పష్టముగా మన కెచ్చటను కనబడలేదు. ఏప్రిల్ 18న ఫలితములు వెలువడినవి. తొమ్మిది లక్షలకు పైబడి వ్రాసిరి. మూడు లక్షలకు పైబడి తప్పిరి. మార్కులను కంప్యూటరున కెక్కించి ఫలితములు సిద్ధపరచు పని ఒక ప్రైవేటు సంస్థ కిచ్చియుండిరి. తెలుగులో 99 మార్కులు తెచ్చుకొన్న యొక బాలికకు మెమోలో సున్న పడినది. పరీక్ష వ్రాసినవారిలో కొందరికి వ్రాయలేదని వచ్చినది. తల్లిదండ్రులు మండలి కార్యాలయము ముందు ఎండలో నిలిచిరి. హైకోర్టులో వ్యాజ్యము పడినది. ప్రభుత్వము ముగ్గురు సభ్యుల సంఘమును వేసి విచారణ జరిపించెను. తప్పిన వారందరి పత్రములను రుసుము లేకయే మరల పరిశీలింప నాజ్ఞాపించెను. ఆ పరిశీలన ఫలితము మే 27న వచ్చినది; 1,137 మంది ఉత్తీర్ణులైరి. ఏప్రిల్ 18కిని మే 27కిని నడుమ 39 దినములు. ఫలితములు వచ్చిన తరువాతి దినములలో ఇరువదిమందికి పైగా పిల్లలు తమ ప్రాణములు తాము తీసికొనిరి.

అధికారులు అప్పుడు శాతములు చెప్పిరి. మూడు లక్షలలో వేయిమంది యెంత? సముద్రములో కాకిరెట్ట. శాతములు చెప్పువారిమీద మాకు కోపము లేదు. పెద్ద లెక్కలు చూచువారికి శాతములు కావలసినవే. కాని ఆ 1,137 మందిలో ఒక్కొక్కరును ఆ 39 దినములును నూటికి నూరుపాళ్లు తప్పినవారుగానే బ్రతికిరి. చుట్టముల మాటలు పడిరి. పై తరగతి ప్రవేశముల ప్రకటనలు చూచి పత్రిక మడచి పెట్టిరి. తాను తప్పలేదని ఎఱిగిన పిల్లవాడు తప్పినవాడుగా నటించుచు నలువది దినములు గడుపుట యెట్టిదో శాతము చెప్పజాలదు.

ఆలస్యమునకు ఒకరు బాధ్యులైన సంగతియు ఒకటి కలదు. 2017లో బొంబాయి విశ్వవిద్యాలయము పత్రములన్నిటిని తెరమీద దిద్దించు పద్ధతిని తగిన సిద్ధబాటు లేక ఒక్కసారిగా ప్రవేశపెట్టెను. సుమారు 17 లక్షల పత్రములు చిక్కులో పడినవి. కులపతిగా నున్న గవర్నరు మనవారే, కరీంనగరు నుండి పార్లమెంటునకు ఎన్నికైయుండిన చెన్నమనేని విద్యాసాగరరావుగారు. జూలై 31వ తేదీలోగా ఫలితము లీయవలెనని వారు గడువు పెట్టిరి. గడువు దాటినది, ఇంకొకటియు దాటినది. అక్టోబరు 24న ఉపకులపతిని పదవినుండి తొలగించిరి. పోయిన ప్రవేశములు విద్యార్థులకు తిరిగి రాలేదు గాని, కాలమునకు జవాబుదారి యొకడు కలడని లోకమునకు తెలిసినది.

ఇక ఆ తండ్రి మాటకు వత్తము. పెద్దవారితో మనకేల యను మాటలో రెండు భావములున్నవి. ఒకటి భయము, రెండవది భక్తి. భయము సంగతి ముందు చెప్పెదము. కోర్టుకు పోయిన పిల్లవానిని తరువాతి పరీక్షలో పగబట్టి తప్పింతురని చాలమంది నమ్ముచున్నారు. పత్రము దిద్దువానికి వ్రాసినవాని పేరు తెలియదు. మూల్యాంకనమునకు ముందే పేరును హాలుటిక్కెట్టు సంఖ్యను తీసివేసి సంకేతసంఖ్య వేయుదురు. కళాశాల కార్యాలయమున గుమాస్తా ముఖము చిట్లించుట, సర్టిఫికెట్టు కొఱకు నాలుగుమార్లు త్రిప్పుట, ఇవి నిజములే. వీనికి భయపడి ఊరకున్నచో అవి తగ్గునా? ఊరకున్నవారినే యెక్కువ త్రిప్పుట మేము చూచితిమి.

భక్తి సంగతి ఇంతకంటె లోతైనది. విద్య చెప్పిన చోటుమీద వ్యాజ్యమాడుట గురుద్రోహము కాదా? సంస్కృతము చదివిన మాకు ఈ సందేహము తేలికయైనదిగా తోచలేదు. కాని గురువెవరు? పాఠము చెప్పినవాడు గురువు. దరఖాస్తుల కట్టను బీరువాలో పెట్టి తాళము వేసిన కార్యాలయము గురువు కాదు. గురువునకు చేయవలసిన నమస్కారమును బీరువాకు చేయించుట చాలకాలముగా మన విద్యాసంస్థలలో జరుగుచున్నది. కఠోపనిషత్తులోని నచికేతుని కథ చదువరులు ఎఱిగినదే. ఆ బాలుడు విద్య కొఱకో, మృత్యువు కొఱకో యముని వాకిటికి పోయెను. యముడు ఇంట లేడు. బాలుడు అన్నము లేక మూడు రాత్రులు వాకిట గడపెను. యముడు వచ్చి, నా పనులు నాకు లేవా యని అనలేదు. కారణమేదియో యుండియే యుండును, దానిని అడ్డుపెట్టుకొనలేదు. మూడు రాత్రులను లెక్కపెట్టి రాత్రికొక వరము చొప్పున మూడు వరములు కోరుకొమ్మనెను. ఆ ఉపనిషత్తులోని బ్రహ్మవిద్యయంతయు ఆ ఆలస్యపు పరిహారముగా పుట్టినదే. ప్రాణములను తీయు దేవుడే, ఒక శిష్యుని నిరీక్షణకు వెలకట్టి చెల్లించుటను అవమానమని తలపలేదు. మన పరీక్షాశాఖలకు ఏల అవమానము కావలెను?

పోవచ్చునని తేలినపిమ్మట ఎచ్చటికి పోవలెననునది ప్రశ్న. చాలమందికి ముందు తట్టునది వినియోగదారుల న్యాయస్థానము. రుసుము కట్టితిమి, సేవ వేళకు రాలేదు, పరిహార మిప్పింపుడని. ఈ తలుపు మూసియున్నది. బీహారులో 1998లో ఒక పిల్లవానికిచ్చిన హాలుటిక్కెట్టు సంఖ్యనే మరియొకనికిని ఇచ్చిరి, ఫలితము ప్రకటింపలేదు. తండ్రి వినియోగదారుల వేదికకు పోగా అన్ని మెట్లలోను గెలిచెను. 2009 సెప్టెంబరులో సుప్రీంకోర్టు, పరీక్ష పెట్టు మండలి వ్యాపారము చేయుట లేదు, విద్యార్థి వినియోగదారుడు కాడు అని ఆ గెలుపును త్రోసివేసెను. విద్య వర్తకము కాదను సిద్ధాంతమును మేము మనసార ఆమోదింతుము. కాని వర్తకుని అంగడికంటె సరస్వతీమందిరమున మాటకు విలువ తక్కువ కావలెనని దాని అర్థము కాదుగదా. ఆ పిల్లవాని తండ్రి చేసిన తప్పేమో మాకిప్పటికిని తెలియలేదు.

తెఱచియున్న తలుపులు మూడు. వీనిని చాలమంది యెఱుగరు గనుక కొంత వివరముగా చెప్పుట మంచిది. విశ్వవిద్యాలయ ధనసహాయ సంఘము, అనగా యు.జి.సి., 2023 ఏప్రిల్‌లో విద్యార్థుల ఫిర్యాదుల పరిష్కారమునకై నియమములు చేసినది. ఫిర్యాదు అనగానేమో చెప్పుచు, విద్యాసంవత్సరపు కాలసూచికలో చెప్పిన దినము దాటి పరీక్షలు జరుపుటను, ఫలితములు ప్రకటించుటను అందులో స్పష్టముగా చేర్చినది. ప్రతి సంస్థలోను ఫిర్యాదుల పరిష్కార సంఘ ముండవలెను. అది పదునైదు పనిదినములలో నివేదిక ఈయవలెను. తృప్తి కలుగనిచో విద్యార్థి పదునైదు దినములలో అంబుడ్స్‌పర్సన్ అను స్వతంత్రాధికారికి అప్పీలు చేసికొనవచ్చును. ఆయన ముప్పది దినములలో తేల్చవలెను. ఆ పదవికి పూర్వపు ఉపకులపతినో, అనుభవజ్ఞుడైన విశ్రాంతాచార్యునో, పూర్వపు జిల్లా న్యాయమూర్తినో నియమింపవలెను. ఇందు మాకు మిక్కిలి నచ్చిన సంగతి యొకటున్నది. ప్రత్యేకమైన అక్రమమో, పక్షపాతమో చూపిననేగాని మార్కులు మరల దిద్దింపుడను అప్పీలును ఆయన పుచ్చుకొనరాదు. ఆలస్యమును గూర్చిన ఫిర్యాదుకు మాత్రము అట్టి అడ్డు లేదు. మేము పైన వేఱుచేసి చూపిన రెండు దోషములను ఈ నియమములును వేఱుగానే చూచినవి.

రెండవ తలుపు 2005 నాటి సమాచారహక్కు చట్టము. పదిరూపాయల పని. 2011 ఆగస్టులో సుప్రీంకోర్టు, విద్యార్థి వ్రాసిన జవాబు పత్రము సమాచారమే, అతడు దానిని చూడవచ్చును, నకలు తీసికొనవచ్చును అని తీర్పు చెప్పినది. మన ధర్మశాస్త్రములు వ్యవహారపదములు పదునెనిమిదింటిలో నిక్షేపమునొకటిగా చెప్పినవి. నమ్మి దాచుకొమ్మని యిచ్చిన సొమ్మును అడిగినపుడు చూపవలెను. జవాబు పత్రము అట్టి నిక్షేపమని మేము తలంతుము. దిద్దినవారి పేర్లు మాత్రము చెప్పనక్కఱలేదని కోర్టు అనినది; అది న్యాయమే. కాని ఆ తీర్పులోనే చదువరులు జాగ్రత్తగా గమనింపవలసిన మాట యొకటి కలదు. పత్రములను భద్రపఱుపవలసిన కాలము నియమములలో ఎంత యుండునో అంతవరకే ఈ హక్కు. ఆ కాలము దాటినచో పత్రములను నశింపజేయుదురు. అనగా ఆలస్యము విద్యార్థి దినములను మాత్రమే కాక అతని సాక్ష్యమును గూడ తినివేయును. అందుచేత ఫలితము వచ్చినపిమ్మట చూతమని కూర్చుండక ముందే నకలు కోరవలెను. దానితో పాటు, నా పత్రమును రెండవమారు దిద్దుటకు ఎన్నడు పంపిరి, ఎన్నడు తిరిగి వచ్చినది అని రెండు ప్రశ్నలు వేయవలెను. చాలసారులు ఈ రెండు ప్రశ్నలకు జవాబు వ్రాయవలసివచ్చుటచేతనే కట్ట బీరువానుండి వెలుపలికి వచ్చును.

ముప్పది దినములలో జవాబు రావలెను. రానిచో మొదటి అప్పీలు, దానిపై రాష్ట్ర సమాచార కమిషనుకు రెండవ అప్పీలు. నిష్కారణముగా ఆలస్యము చేసిన అధికారికి దినమునకు 250 రూపాయల చొప్పున 25,000 వరకు జుల్మానా వేయవచ్చునని చట్టము. ఇది కాగితముమీది మాట. 2023 ఫిబ్రవరి మొదలు 2025 మే వరకు తెలంగాణ సమాచార కమిషనులో ఒక్క కమిషనరైనను లేకుండెను. రెండేండ్లకు పైగా అప్పీళ్లు వచ్చి పడుచునే యున్నవి. వినుటకు కుర్చీలో మనిషి లేడు. ఆలస్యమును శిక్షింపవలసిన చోటనే ఆలస్యము గూడు కట్టెను. దీనికి ఏ పక్షమునో నిందించి ఊరకొనుట తేలిక. ఆ రెండేండ్లలో ఆ కుర్చీలు ఖాళీగా నున్నవని మనలో నెందరికి తెలియును? తెలిసినవారిలో నెందరము అడిగితిమి?

మూడవది హైకోర్టు. 1920లో మూసీ యొడ్డున ప్రారంభించిన ఎఱ్ఱని భవనమును చూచిన మావంటివారికి గుండె దడదడలాడును; నిజమే. రాజ్యాంగము 226వ అధికరణము క్రింద, చేయవలసిన పనిని చేయని ప్రభుత్వసంస్థను చేయుమని ఆజ్ఞాపించు అధికారము ఆ న్యాయస్థానమునకు కలదు. దానిని మాండమస్ రిట్టు అందురు. ఇట్టి వ్యాజ్యమున కోర్టును పత్రము దిద్దుమని అడుగరాదు, ఓడిపోవుదురు. ఇన్ని వారములలో తేల్చునట్లు ఆజ్ఞాపింపుడని మాత్రమే అడుగవలెను. ముందుగా విశ్వవిద్యాలయమునకు వ్రాతమూలకమైన వినతి యిచ్చి, తేదీ వేయించిన రసీదు పుచ్చుకొని యుండుట మంచిది. ఖర్చు మాటయో, 1987 నాటి న్యాయసేవాధికార సంస్థల చట్టము ప్రకారము స్త్రీలకును షెడ్యూల్డు కులములు, తెగలవారికిని ఆదాయముతో నిమిత్తము లేక ఉచితముగా న్యాయవాది నిత్తురు. ఇంజనీరింగు చదువు ఆడపిల్ల తండ్రి లక్షాధికారియైనను ఆ పిల్లకు ఈ సహాయ మున్నది. ఎందరు తండ్రులు ఎఱుగుదురు? కోర్టులును కాలహరణమునకు అతీతములు కావని మేము దాచము. పైన చెప్పిన రణవిజయసింగు వ్యాజ్యమునకు మూలమైన ఉద్యోగప్రకటన 2009లో వెలువడినది. కడపటి తీర్పు 2017లో. కాని అది మార్కుల వివాదము. గడువు పెట్టుమను ప్రార్థన అంత లోతైన విచారణ కోరదు.

ప్రతి విద్యార్థియు కోర్టుకు పోయినచో విశ్వవిద్యాలయములు నడచుట యెట్లని కొందరు పెద్దలు అడుగుదురు. ఎవరును పోనక్కఱలేకుండ చేయుట ఆ సంస్థల చేతిలోనే యున్నది, కష్టమైన పనియు కాదు. దరఖాస్తు పుచ్చుకొన్న దినముననే ఫలితము వచ్చు తేదీని రసీదుమీద ముద్రింపవచ్చును. పునర్మూల్యాంకన ఫలితము రాకముందు ఆ విషయపు సప్లిమెంటరీ రుసుము గడువు రాకుండ కాలసూచిక వేయవచ్చును. మా యెరుగుదలలో పిల్లలకు కలుగు నష్టములో సగము ఈ ఒక్క క్రమము తప్పుటవలననే. మార్కులు హెచ్చి ఉత్తీర్ణుడైనవానికి కట్టిన రుసుమును తిరిగి యీయవచ్చును. తప్పు వానిది కాదని తామే వ్రాసియిచ్చిరి గదా. గడువు దాటిన ప్రతిదినమునకు, విద్యార్థినుండి పుచ్చుకొను అపరాధ రుసుముతో సమానముగా తామును చెల్లించుట న్యాయము. సమాచారము నీయని అధికారికి దినమునకు ఇంత యని వెలకట్టగలిగిన దేశమునకు ఇది క్రొత్త లెక్క కాదు.

అంతవరకు తల్లిదండ్రులు చేయదగిన పని యొకటున్నది. యు.జి.సి. నియమముల ప్రకారము ఫిర్యాదుల సంఘమును గూర్చిన వివరములును, అంబుడ్స్‌పర్సన్ వివరములును ప్రతి సంస్థయు తన వెబ్‌సైటులోను ప్రాస్పెక్టసులోను స్పష్టముగా ప్రకటింపవలెను. ప్రవేశముల కాలమున ఈ రహదారి పొడవునను కళాశాలలవారు పందిళ్లు వేసి, మజ్జిగ పోసి, రంగుల పుస్తకములు చేతికిత్తురు. అందులో ఉద్యోగములు వచ్చినవారి బొమ్మలు ఎన్నో పుటలుండును. మజ్జిగ త్రాగి, ఆ పుస్తకమును పుచ్చుకొని, ఈ పేరు ఏ పుటలో నున్నదని అక్కడనే నిలిచి యడుగుడు.